దిగేటప్పటి లెక్క

మాఘమాసంలో ఒక సోమవారం ఉదయం ఆరింటికి మా ఊరి కాలువ గట్టు మీద ఉన్నవాళ్లూ, ఉన్నవీ ఇవి: మా బాపు, నేను, ఏడు తాటిచెట్లు, చెట్టునూ మనిషినీ కలిపి చుట్టే మోకు, కాళ్లకు వేసుకునే గుజి, బాపు నడుముకు కట్టుకున్న ముస్తాదు, అందులో రెండు గీతకత్తులు, కల్లు పట్టే లొట్లు ఏడు, స్విచ్చాఫ్ చేసి నా జేబులో పెట్టుకున్న బాపు ఫోను, ఒక గళ్ల నోటుబుక్కు, ఒక నీలం పెన్ను.

అక్క అక్కడ లేదు. కోరుట్లలో తన ఇంట్లో ఉంది. కానీ ఈ పరీక్ష పెట్టింది అక్కే.

మా బాపు ముప్పై నాలుగేళ్లుగా కల్లు కోసం తాటిచెట్లు గీస్తున్నాడు. పోయిన ఎండాకాలం చివర ఒక చెట్టు దిగుతూ జారిపడ్డాడు. మోకు పూర్తిగా వదిలిపోలేదు కాబట్టి ప్రాణం దక్కింది. రొమ్ము మీద చర్మం లేచిపోయింది, కుడి మడమ ఎముక చిట్లింది. జగిత్యాలలో కట్టు వేయించి, అక్క తన ఇంటికి తీసుకుపోయి నాలుగు నెలలు చూసుకుంది. అవ్వ, అంటే మా అమ్మ, పోయి ఎనిమిదేళ్లయింది. అప్పటి నుంచి మా ఇంట్లో చివరి మాట అక్కది. మడమ కుదిరిందని డాక్టరు చెప్పిన రోజే బాపు మళ్లీ ఎక్కుతానన్నాడు. అక్క వద్దంది. ఆ మాట మీద వానాకాలం అయిపోయింది, చలికాలం కూడా సగం అయిపోయింది.

“నీ కాలు మంచిగైంది బాపు. నీ ధ్యాస మంచిగైందా? గది నాకు ఎవలు చెప్పాలె?” అంది అక్క ఒకరోజు.

“నేనే చెప్తున్న గద బిడ్డా.”

“పడ్డనాడు గూడ నువ్వు మంచిగనే ఉన్న అన్నవ్.”

అక్క నా వైపు తిరిగింది. “తమ్మీ, నీ సాంచెలు బందున్నయి గదా. పది రోజులు పొద్దుగాల చెట్ల కింద నిలవడు. సూసింది సూసినట్టు రాయి. నువ్వు అన్నీ రాస్తవ్ గదా, పప్పుల ఉప్పు ఎంతేసిండ్రో గూడ రాస్తవ్.”

పది రోజులూ తప్పు లేకుండా గడిస్తే బాపు తన చెట్లు తాను గీసుకోవచ్చు. ఒక్క తప్పు కనబడినా ఏడు చెట్లనూ పక్క వాడకట్టు ఆయనకు అప్పగించి ఇంట్లో కూర్చోవాలి. బాపు ఒప్పుకున్నాడు. నేనూ ఒప్పుకున్నాను. నేను ఒప్పుకోకుండా ఉండాల్సింది. దానికి కారణాలు రెండు.

మొదటిది నా మనసు సంగతి. నేను సిరిసిల్లలో ఒక షెడ్డులో పని చేస్తాను. మరమగ్గాన్ని అక్కడ సాంచా అంటారు. టెక్స్‌టైల్ డిప్లొమా చదివాను కాబట్టి ముప్పై రెండు సాంచెల మరమ్మతు నాకు అప్పజెప్పారు. తంగళ్ళపల్లిలో గది. ఆ నెల పాత ఆర్డరు అయిపోయి, నూలు చుట్టిన కొత్త బీములు రాక షెడ్డు ఆగింది. పనిలో నేను జాబితాలు లేకుండా ఏదీ చేయను. నూనె వేసిన సాంచా, బెల్టు మార్చిన సాంచా, మళ్లీ చూడాల్సిన సాంచా, అన్నీ రాసి ఉంటాయి. చూసేవాళ్లు ఇది జాగ్రత్త అనుకుంటారు. నిజానికి నేను ఉండాల్సిన చోట ఉండను కాబట్టే రాసుకుంటాను.

ఒకసారి వారం రోజులు దీన్ని కొలిచాను. ఫోనులో అరగంటకోసారి బజర్ పెట్టుకుని, అది మోగినప్పుడు తలలో ఏముందో ఒక్క ముక్కలో రాశాను. చేతిలో ఉన్న పని సగం సార్లు కూడా లేదు. మిగతావి నాలుగు రకాలు. ఎప్పుడో జరిగిన గొడవలో అప్పుడు తోచని జవాబు ఇప్పుడు చెప్పడం. ఎవరూ అడగని ప్రశ్నకు వివరంగా సమాధానం ఇవ్వడం. ఇంకా రాని ఉద్యోగంలో మొదటి రోజు. నాలుగోదానికి నేను పేరు పెట్టలేకపోయాను. ఆ గడిలో “కిటికీ” అని రాశాను.

ఇంకో విషయం కూడా ఆ కాగితాల్లో కనబడింది. పని విసుగు పుట్టించినప్పుడు మనసు పోతుందని అనుకునేవాణ్ని. అలా లేదు. సాంచా పాడైనప్పుడు నేను పూర్తిగా దాని దగ్గరే ఉన్నాను. అది బాగుపడి, చప్పుడు సమంగా వస్తున్నప్పుడు వెళ్లిపోయాను. ఇక భయం లేదు అనుకున్న చోటి నుంచే నేను కదులుతున్నాను. మా షెడ్డులో నేసే ఒక పెద్దాయన ఎనిమిది సాంచెల మధ్య తిరుగుతూ పాట పాడుకుంటాడు. ఎక్కడైనా పోగు తెగితే పాట ఆపకుండానే అటు తిరుగుతాడు. నాకు అది రాదు. నేను పోతే మొత్తంగా పోతాను, వెనక ఎవరినీ వదిలిపెట్టను.

రెండో కారణం ఎవరికీ చెప్పనిది.

బాపుకు ఉదయం ఎనిమిదింటి లోపు ఎవరూ ఫోన్ చేయకూడదన్నది మా ఇంటి కట్టుబాటు. ఆ సమయంలో ఆయన చెట్ల మీద ఉంటాడు. చుట్టాలందరికీ ఇది తెలుసు. చావు కబురైనా అక్కకే చెప్తారు. ఆమె ఎనిమిది దాకా ఆగి బాపుకు చెప్తుంది. ఫోను ఇంట్లో పెట్టి పొమ్మని ఎన్నిసార్లు చెప్పినా ఆయన అంగీ జేబులోనే ఉంటుంది. దిగగానే కల్లు కోసం ఫోన్లు వస్తాయంటాడు.

ఆయన పడ్డ రోజు నేను ఇంటి నుంచి చీకటితోనే బయలుదేరి, జగిత్యాలలో ఐదున్నర బస్సు ఎక్కి సిరిసిల్లకు పోతున్నాను. కిటికీ సీటు. వేములవాడ ఇంకా రాలేదు. మూడో రకం ఊహ మొదలైంది. ఏదో పెద్ద మిల్లులో ఇంటర్వ్యూ, బల్లకు అటువైపు ముగ్గురు. వాళ్లలో మధ్యనున్నాయన నా సర్టిఫికెట్ల ఫైలు అడిగాడు. చేయి చాపి వెతికితే ఫైలు లేదు. ఇంట్లో మరిచిపోయానేమో, బాపును అడుగుదాం అనుకున్నాను. ఊహలో అనుకున్నాను. ఫోను మాత్రం నిజంగానే తీశాను. ఐదుసార్లు మోగింది, ఎత్తలేదు. అప్పటికి తెలివి వచ్చింది. ఇంటర్వ్యూ లేదు. ఫైలు అవసరం లేదు. అది నా గదిలో ట్రంకు పెట్టెలో ఉంది. ఫోను తెర మీద సమయం ఆరు నలభై ఒకటి.

ఏడున్నరకు సిరిసిల్ల బస్టాండులో చాయ్ తాగుతుంటే అక్క ఫోన్ చేసింది.

ఎట్లా పడ్డావని డాక్టరు అడిగితే బాపు చెప్పిన మాట ఒకటే. “తేనెటీగ అచ్చింది మొఖం మీదికి. సెయ్యి ఇడిచిన.” అందరూ నమ్మారు. నేను మనసులో లెక్క వేసుకున్నాను. ఆరింటికి మొదలుపెడితే మూడో చెట్టు దిగే సమయానికి ఇంచుమించు ఆరూ నలభై అవుతుంది. ఆయన పడింది మూడో చెట్టే. అయినా తేనెటీగ ఉండకూడదని లేదు. తేనెటీగ, ఫోను రెండూ ఒకే నిమిషంలో రావచ్చు. ఆ చిన్న అవకాశాన్ని పట్టుకుని నేను తొమ్మిది నెలలు నోరు విప్పలేదు.

అలాంటివాణ్ని పరీక్షాధికారిగా చెట్ల కింద నిలబెట్టారు.

నోటుబుక్కులో ప్రతి చెట్టుకూ మూడు గళ్లు గీశాను. ఎక్కే ముందు మోకు ముడి లాగి చూసుకున్నాడా? పైన కూర్చున్నాక మోకు మళ్లీ బిగించుకున్నాడా? దిగేటప్పుడు లెక్క ఆగకుండా వచ్చిందా? ఈ మూడోది బాపు పద్ధతి. దిగేటప్పుడు మోకును ఒక్కో మెట్టు కిందికి జరిపిన కొద్దీ ఆయన బయటికి వినబడేలా లెక్కపెడతాడు. ఏ చెట్టుకు ఎంత లెక్కో ఆయనకు తెలుసు. మనుషులు చెట్లను పొడుగు, పొట్టి అంటారు. బాపు లెక్కతో పిలుస్తాడు. మేము నడిచే వరుసలో అవి ముప్పై ఒకటి, ఇరవై ఆరు, నలభై నాలుగు, ముప్పై ఎనిమిది, యాభై రెండు, ఇరవై తొమ్మిది, నలభై ఒకటి.

మొదటి రోజు ఇరవై ఒక్క గళ్లూ నిండాయి. నేను మెడ నొప్పి పుట్టేదాకా పైకి చూశాను. ఆయన ఎక్కడం నేను అంత పట్టి ఎప్పుడూ చూడలేదు. కాలు పెట్టే ముందు కాలి మడమతో చెట్టును ఒకసారి తడుతాడు. ఆ తట్టడం నా గళ్లలో లేదు. రాయలేదు.

రెండో రోజు ఒక తేడా పట్టుకున్నాను. ఐదో చెట్టు, అంటే యాభై రెండు, దిగి రాగానే అడిగాను.

“బాపు, గీసుడు ఆరు నిమిషాల్ల అయింది. నువ్వు పైన పదమూడు నిమిషాలున్నవ్. ఏం చేసినవ్?”

“గడియారం గూడ తెచ్చినవా ఇంజనీరు సాబ్?”

“చెప్పు.”

ఆయన లొట్టి దించి కింద పెట్టాడు. ముఖం తుడుచుకున్నాడు. “దుబాయి పోయచ్చిన.”

నేను నవ్వాను. ఆయన నవ్వలేదు. గుజి విప్పుతూ చెప్పాడు. ముప్పై ఏళ్ల కింద ఆయనకూ, ఆయన తమ్ముడికీ ఒకేసారి వీసా వచ్చిందని నాకు తెలుసు. అక్క అప్పుడు అవ్వ కడుపులో ఉంది. బాపు ఆగిపోయాడు, ఆ తమ్ముడు, మా కాక, వెళ్లాడు. అక్కడ కట్టే బిల్డింగుల మీద క్రేను నడిపాడు. సెలవుకు వచ్చినప్పుడల్లా ఆ క్రేను గదిలో సీటు, చేతికింద పిడులు, కింద చీమల్లా మనుషులు, అన్నీ వివరంగా చెప్పేవాడట. కాక తిరిగి వచ్చి ఇప్పుడు బుగ్గారం దిక్కు పొలం చేసుకుంటున్నాడు.

“వాడు దిగిండు. నేను దిగలే. గా క్రేను ఇప్పుడు నేనే నడుపుతున్న. ముప్పై ఏండ్లల్ల ఒక్క లీవు వెట్టలే,” అన్నాడు బాపు.

“గీ చెట్టు మీదనేనా?”

“గిదే పొడుగు గదా. పొట్టి చెట్టు మీద క్రేను ఎట్ల వడ్తది?”

“మరి దిగేటప్పుడు?”

“దిగేటప్పుడు దుబాయి లేదు, జగిత్యాల లేదు. లెక్క ఒక్కటే. పైన మోకు బిగించి కూసున్నంక యాడికన్న పో. కాలు కదిలినంక మాత్రం యాడికి వోవద్దు. లెక్క నోట్లె ఉంటె మనిషి చెట్టు మీద ఉన్నట్టు.”

దీన్ని తప్పుగా రాయాలా అని ఆలోచించాను. ధ్యాస చెట్టు మీద లేదు, నిజమే. కానీ నా మూడు గళ్లలో ఏదీ తప్పలేదు. పైన మోకు బిగించి ఉంది. దిగేటప్పుడు లెక్క ఆగలేదు. ఎక్కడ పోవచ్చో, ఎక్కడ పోకూడదో ఆయన దగ్గర గీత ఉంది. నా దగ్గర లేనిది అదే. నేను బస్సులో పోయినా, రోడ్డు దాటుతూ పోయినా ఒకేలా పోతాను. ఏమీ రాయలేదు.

నాలుగో రోజు అదే చెట్టు కింద నాకు తెలివి వచ్చేసరికి బాపు నా ముందర నేల మీద నిలబడి గుజి విప్పుతున్నాడు. ఆయన దిగడం నేను చూడలేదు. లెక్క వినలేదు. ఎక్కడికి పోయానో గుర్తుంది: షెడ్డులో ఏడో నంబరు సాంచాకు బెల్టు ఎందుకు మాటిమాటికీ వదులవుతోందో యజమానికి వివరిస్తున్నాను. ఆయన మెచ్చుకుంటున్నాడు. మూడో గడి ఖాళీగా ఉంది.

బాపు తన పనిలో ఉన్నాడు. ముస్తాదులోంచి ఏదో ముక్క తీసి కత్తితో గీకుతున్నాడు. కత్తి పదును చూసుకుంటున్నాడు అనుకున్నాను. నేను మూడో గడిలో టిక్కు పెట్టాను. మనిషి క్షేమంగా దిగాడు కదా, లెక్కపెట్టే ఉంటాడు, అని నాకు నేను చెప్పుకున్నాను. షెడ్డులో ఎవరైనా నూనె వేయకుండా వేసినట్టు రాస్తే నేను ఊరుకోను.

ఆరో రోజు మళ్లీ జరిగింది. ఏడో రోజు రెండుసార్లు, ఎనిమిదో రోజు నాలుగుసార్లు. అప్పటికి నేను ఏం చేస్తున్నానో నాకు పూర్తిగా తెలుసు. ఖాళీ వదిలితే అక్క దాన్ని తప్పుగా లెక్కిస్తుంది, బాపు చెట్లు పోతాయి. నింపితే నేను చూడని దానికి సాక్ష్యం ఇచ్చినట్టు. ఆ సాక్ష్యం నమ్మి అక్క ఆయనను ఎక్కనిస్తుంది. రేపు ఆయన నిజంగానే లెక్క తప్పితే? గట్టిగా చూద్దామని తొమ్మిదో రోజు పళ్లు బిగబట్టి పైకి చూశాను. నేను చూస్తున్నాను, నేను చూస్తున్నాను అనుకుంటూ ఉన్నాను. ఎంత బాగా చూస్తున్నానో అక్కకు చెప్తున్నట్టు ఊహ వచ్చింది. ఆ ఊహ అయిపోయేసరికి బాపు కింద ఉన్నాడు.

పదో రోజు చివరి చెట్టు, నలభై ఒకటి, దిగాక చెప్పాను.

“బాపు, ఈ బుక్కుల కొన్ని టిక్కులు నేను సూడకుండ పెట్టిన.”

ఆయన మోకు చుట్టుకుంటున్నాడు. “ఎన్ని?”

“తొమ్మిది.”

“పద్నాలుగు.”

ముస్తాదులోంచి అరచేయంత తాటిమట్ట ముక్క తీసి నా చేతికిచ్చాడు. దాని మీద కత్తితో ఏడు అడ్డగీతలు గీసి ఉన్నాయి, చెట్టుకొకటి. కొన్ని గీతల మీద సన్నటి గాట్లు. ఐదో గీత మీద ఏడు గాట్లు, ఏడో దాని మీద నాలుగు, మూడో దాని మీద రెండు, నాలుగో దాని మీద ఒకటి. మిగతా మూడు గీతలు నున్నగా ఉన్నాయి. నేను చూడకుండా టిక్కు పెట్టిన ప్రతిసారీ ఆయన గాటు పెట్టాడు. పదును చూసుకోవడం కాదు అది.

“నువ్వు లోపటికి వోయినప్పుడు పెన్ను నోట్లె వెట్టుకుంటవ్. పైనుంచి మంచిగ కనవడ్తది. చిన్నప్పుడు బలపం గిట్లనే నాకెటోనివి.”

“గప్పుడే ఎందుకు చెప్పలే?”

“పరీక్ష నాకు పెట్టిండ్రా, నీకు పెట్టిండ్రా? నాకు సమజ్ కాలే.” అప్పుడు మాత్రం నవ్వాడు. “నీ మీద కన్నేసుకుంట ఉంటి. మూడో రోజు సంది దుబాయి గూడ పోలే తెలుసా?”

తొమ్మిది నాకు తెలిసినవి. మిగతా ఐదుసార్లు నేను పోయి వచ్చినట్టు కూడా నాకు తెలియదు. ఆ ఐదు టిక్కులు నేను నిజమని నమ్మి పెట్టాను. ఇది నన్ను తొమ్మిది కంటే ఎక్కువ కలవరపెట్టింది.

“అక్కకు చెప్తవా?” అన్నాడు బాపు.

“చెప్పకుంటె?”

“చెప్పకుంటె రేపటి సంది నేను ఎక్కుత. నువ్వు సిరిసిల్లకు వోతవ్.”

కాలువ అవతల ఎవరో ట్రాక్టరు స్టార్ట్ చేస్తున్నారు, అది అందుకోవడం లేదు. బాపు యాభై రెండు వైపు చూస్తున్నాడు.

“చెప్త,” అన్నాను.

ఆయన మోకు భుజాన వేసుకున్నాడు. మట్టముక్క నా చేతిలోంచి తీసుకున్నాడు. దాన్ని కాలువలో విసిరేస్తాడని ఒక క్షణం అనుకున్నాను. మళ్లీ ముస్తాదులో పెట్టుకున్నాడు.

ఆ మధ్యాహ్నం ఇద్దరం కోరుట్లకు పోయాం. అక్క గడపలో కూర్చుని బీడీలు చుడుతోంది, ఒళ్లో చాట. ఆమె చేతుల వైపు చూడదు. ఆకు కత్తిరించినట్టే ఉంటుంది, తంబాకు పోసినట్టే ఉంటుంది, మాట్లాడుతుండగానే బీడీ తయారై పడుతుంది. ఇరవై ఐదు కాగానే కట్ట కట్టేస్తుంది, లెక్కపెట్టినట్టు కూడా కనబడదు.

నేను నోటుబుక్కు తెరిచి ఆమె ముందు పెట్టి జరిగింది చెప్పాను. బాపు మట్టముక్క తీసి పక్కన పెట్టాడు. అక్క రెండింటినీ చూసింది.

“అంటె వీడు నిన్ను సూసిండు, నువ్వు వీన్ని సూసినవ్. చెట్టును ఎవలు సూసిండ్రు?”

“చెట్టు యాడికి వోతది బిడ్డా.”

“గమ్మతు జెయ్యకు బాపు. తమ్మీ, పెన్ను తియ్యి. నువ్వు సూడనియి కొట్టెయ్యి.”

తొమ్మిది నాకు తెలుసు, కొట్టేశాను. మిగతా ఐదు ఏ రోజువో బాపు చెప్పాడు. మూడో రోజు నలభై నాలుగు, ఐదో రోజు యాభై రెండు. ఒక్కోటీ తడుముకోకుండా చెప్పాడు. తన చెట్లను తానే ఒక్కొక్కటిగా పోగొట్టుకుంటున్నాడని ఆయనకు తెలుసు. అయినా ఒక్కటి కూడా దాచలేదు. పద్నాలుగూ కొట్టేశాను.

పెన్ను మూసి, మళ్లీ తెరిచాను. “అక్కా, ఇంకోటి ఉంది. బాపు పడ్డనాడు తేనెటీగ లేదు. నేను ఫోన్ చేసిన. ఆరు నలభై ఒకటికి.”

అక్క చేతులు ఆగాయి. ఆమె మాట్లాడుతుండగా చేతులు ఆగడం నేను చూసింది అదొక్కసారే.

“తేనెటీగ ఉండె,” అన్నాడు బాపు.

“బాపు!”

“ఉండె అంటున్న గదా. ఫోను గూడ ఉండె.”

“ఎవలు చేసిండ్రో గప్పుడే ఎరుకేనా?” అంది అక్క.

“వాని ఫోనుకు వాడే వేరే చప్పుడు వెట్టిచ్చిండు గదా, సూడకుంట ఎరుకైతదని.” అది నిజం. ఇంట్లో ఒక్కొక్కరికీ ఒక్కో రింగు నేనే పెట్టి, ఒక కాగితం మీద జాబితా కూడా రాసి ఇచ్చాను. “వాడు ఎన్నడు గా యాళ్లకు చెయ్యడు. వానికేమో అయింది అనుకున్న. నలభై నాలుగు దిగుతున్న, లెక్క ఇరవై తొమ్మిది కాడ ఉండె. సెయ్యి జేబులకు వోయింది.”

నేను నేల వైపు చూస్తున్నాను. బాపు నా వైపు తిరిగాడు. తొమ్మిది నెలల్లో మొదటిసారి అడిగాడు. “ఏమైందిరా గానాడు?”

“ఏం కాలే బాపు.” బస్సు, బల్ల, ముగ్గురు మనుషులు, లేని ఫైలు, అన్నీ చెప్పాను. చెప్తుంటే అది ఎంత చిన్న విషయమో తెలుస్తోంది. పెద్ద కారణం ఏదైనా ఉంటే చెప్పడం తేలికయ్యేది.

ఆయన అంతా విన్నాడు. “మరి కొలువు అచ్చిందా?”

“రాలే.”

“నా క్రేను గూడ గంతే కొడుకా. జీతం ఇయ్యరు.”

ఇద్దరం నవ్వాం. నాకు నవ్వుతో పాటు కళ్లలో నీళ్లు కూడా వచ్చాయి, అంగీతో తుడుచుకున్నాను.

“నవ్వుండ్రి, ఇద్దరు కలిసి మంచిగ నవ్వుండ్రి,” అంది అక్క. మళ్లీ చాట ముందుకు లాక్కుంది, ఒక ఆకు తీసుకుంది, చుట్టకుండా పట్టుకుంది. నోటుబుక్కు పేజీలు తిప్పింది. కొట్టివేతలు ఏ వరుసల్లో ఉన్నాయో వేలు పెట్టి చూసింది. నాకు అది తోచలేదు. నేను మొత్తం పరీక్ష చెడిపోయిందనుకున్నాను. ఆమె చెట్టు చెట్టునూ విడిగా చూసింది.

“గీ మూడింట్ల ఒక్క కొట్టుడు లేదు. ముప్పై ఒకటి, ఇరవై ఆరు, ఇరవై తొమ్మిది. పది రోజులు వీడు సూసిండు, నువ్వు లెక్కవెట్టినవ్. గంతేనా?”

“గంతే,” అన్నాను. పొట్టి చెట్లు అవి. నా మనసు బయలుదేరేలోపే బాపు దిగిపోయేవాడు.

“గా మూడు ఎక్కు బాపు. కడ్మ నాలుగు ఇచ్చెయ్యి.”

“ముప్పై ఎనిమిదికి ఒక్కటే గాటు గద బిడ్డా.”

“పడుడు గూడ ఒక్కసారే పడ్డవ్.”

బాపు మట్టముక్క తీసుకుని ఐదో గీతను బొటనవేలితో రుద్దాడు. “దుబాయి వోయింది తీ. వీసా కొట్టేసిండ్రు.”

“ఏం దుబాయి?” అంది అక్క.

ఆయన చెప్పలేదు. నేనూ చెప్పలేదు. ఆమె కోసం ఆగిపోయిన ప్రయాణం అది. ఆ మాట చెప్పాలంటే బాపే చెప్పాలి.

మరునాడు ఉదయం మళ్లీ కాలువ గట్టుకు పోయాం. కొత్త బీములు వచ్చాయని షెడ్డు నుంచి కబురు వచ్చింది, మధ్యాహ్నం బస్సుకు నేను సిరిసిల్లకు పోవాలి. ఫోను ఇంట్లో గూట్లో పెట్టి వచ్చాడు బాపు; నేను అడగకుండానే పెట్టాడు. నోటుబుక్కు తేలేదు. పెన్ను కూడా తేలేదు, నోట్లో పెట్టుకుంటానని.

పక్క వాడకట్టు ఆయన అప్పటికే యాభై రెండు మీద ఉన్నాడు. బాపు అటు ఒకసారి చూశాడు. “గాయినకు క్రేను సంగతి ఎరుక లేదు. ఊకెనే గీసి దిగుతడు,” అన్నాడు. తర్వాత ముప్పై ఒకటి దగ్గరికి పోయి మోకు ముడి లాగి చూసుకున్నాడు.

పైన ఎక్కువసేపు లేడు. గీసి, లొట్టి కట్టి, వెంటనే దిగడం మొదలుపెట్టాడు. ఆయన పైనుంచి లెక్కపెడుతుంటే నేను కింద నుంచి కలిశాను, బయటికే. మొదట ఆయన ఆపి “నువ్వెందుకురా?” అన్నాడు. కాలు కదిలించకుండా ఆగి అడిగాడు. “నేను గూడ ఈడ ఉండాలె గదా,” అన్నాను. మళ్లీ ఆపిన అంకె నుంచే మొదలుపెట్టాడు. రెండో చెట్టు దగ్గర పదకొండుకూ పద్నాలుగుకూ మధ్య నేను ఎక్కడికో పోయాను. ఆయన గొంతు పైనుంచి వస్తూనే ఉంది కాబట్టి, దాన్ని పట్టుకుని పదిహేను దగ్గర వచ్చి కలిశాను. ఇరవై తొమ్మిది దగ్గర నా మనసు ఎక్కడికీ పోలేదు.

ముప్పై ఒకటి, ఇరవై ఆరు, ఇరవై తొమ్మిది. మొత్తం ఎనభై ఆరు.